నూతనాగ్ని క్రతువు

నూతనాగ్ని క్రతువు మధ్య మెక్సికోలోని అజ్టెక్ ప్రజలు 52 సంవత్సరాలకు ఒకసారి జరిపిన మతకర్మ. వారి నావాట్ల్ భాషలో దీనికి షియుమోల్పిల్లి అని పేరు. సంవత్సరాల కట్ట అని దాని అర్థం. ఒక కాలచక్రం ముగిసిన రాత్రి ఇళ్లలోను, గుళ్లలోను ఉన్న నిప్పునంతటినీ ఆర్పివేసి, ఒక కొండ శిఖరం మీద కొత్త నిప్పును మథించి పుట్టించి, దానిని ఊరూరికీ ఇంటింటికీ పంచడం ఈ క్రతువులో ప్రధాన భాగం. ఆ నిప్పును బలికి తెచ్చిన బందీ రొమ్ము మీద పుట్టించేవారు. అది రాజుకోకపోతే సూర్యుడు మళ్లీ ఉదయించడని, లోకం ఆ చీకటిలోనే అంతమౌతుందని వారు నమ్మారు. చివరిసారిగా ఈ క్రతువు 1507లో రెండవ మోక్టెజుమా పాలనలో జరిగినది. తరువాతిది 1559లో రావలసి ఉండగా, 1521 ఆగస్టు 13న రాజధాని టెనొచ్టిట్లాన్ స్పెయిన్ సేనలకు, వారితో చేతులు కలిపిన స్థానిక రాజ్యాల సేనలకు వశమైనది.

పేరు

నావాట్ల్‌లో షివిట్ల్ అనే మాటకు సంవత్సరం అనే అర్థంతో పాటు పచ్చిక అని, నీలిపచ్చ రంగు రత్నం అని కూడా అర్థాలున్నాయి. అగ్నిదేవుడైన షియుతెకుట్లి పేరులో ఉన్నదీ ఈ మాటే. అతడు సంవత్సరాలకు అధిపతి, రత్నానికి అధిపతి, పొయ్యిలోని నిప్పుకు అధిపతి. కాలం, అగ్ని అనే రెండు భావాలు అజ్టెక్ మతంలో ఎంత దగ్గరివో ఈ ఒక్క పేరు చెబుతుంది. గడచిన 52 సంవత్సరాలకు గుర్తుగా 52 పుల్లలను ఒక మోపుగా కట్టేవారు. రాతిలో చెక్కిన అటువంటి మోపులు మెక్సికో నగరంలోని జాతీయ మానవశాస్త్ర ప్రదర్శనశాలలో ఉన్నాయి. కట్టెల మధ్యన తాడు ముడి, దానిపై సంవత్సరం పేరు స్పష్టంగా కనిపిస్తాయి.

అజ్టెక్ అనే పేరు తరువాతి చరిత్రకారులు వాడుకలోకి తెచ్చినది. టెనొచ్టిట్లాన్ వాసులు తమను మెషికా అని చెప్పుకొనేవారు. మెక్సికో దేశం పేరు దాని నుండే వచ్చినది.

కాలగణన

అజ్టెక్‌లు రెండు పంచాంగాలను ఒకేసారి నడిపేవారు. మొదటిది 260 రోజుల పంచాంగం. దీనిలో మొసలి, గాలి, ఇల్లు, బల్లి మొదలుగా 20 దినచిహ్నాలు, 1 నుండి 13 వరకు అంకెలు జంటగా నడుస్తాయి. పుట్టిన బిడ్డకు పేరు పెట్టడం, ప్రయాణానికి మంచిరోజు చూడడం వంటివి దీని ప్రకారం జరిగేవి. రెండవది 365 రోజుల సౌర సంవత్సరం. 20 రోజుల చొప్పున 18 నెలలు, చివర 5 మిగులు దినాలు. ఈ మిగులు దినాలను నెమొంతెమి అనేవారు. అవి చెడ్డరోజులని, ఆ రోజులలో ముఖ్యమైన పనేదీ మొదలుపెట్టరాదని వారి విశ్వాసం.

260, 365 సంఖ్యల క.సా.గు. 18,980. అంటే ఒకే రోజున మొదలైన రెండు పంచాంగాలు మళ్లీ అదే స్థితిలో కలుసుకోవడానికి 18,980 రోజులు పడుతుంది. అది 365 రోజుల సంవత్సరాలు 52, లేదా 260 రోజుల ఆవృత్తాలు 73. క్రతువుకు 52 సంవత్సరాల గడువు ఈ లెక్కనుండి వచ్చినదే.

సంవత్సరాలకు పేర్లు ఏర్పడే తీరు కూడా ఆసక్తికరమైనది. 365ను 20తో భాగిస్తే శేషం 5 కనుక, సంవత్సరానికి పేరునిచ్చే రోజు ఏటా అయిదేసి చిహ్నాలు ముందుకు జరుగుతుంది. అందువలన 20 చిహ్నాలలో నాలుగే సంవత్సరాలకు పేర్లు కాగలవు: కుందేలు, రెల్లు, చెకుముకి రాయి, ఇల్లు. 365ను 13తో భాగిస్తే శేషం 1 కనుక అంకె ఏటా ఒకటి పెరుగుతుంది. 1 కుందేలు, 2 రెల్లు, 3 చెకుముకి, 4 ఇల్లు, 5 కుందేలు అని ఈ వరుస సాగుతుంది. నాలుగు చిహ్నాలు, పదమూడు అంకెలు కలిసి 52 పేర్లు. ప్రభవ, విభవలతో మొదలయ్యే మన 60 సంవత్సరాల పట్టికకు, దీనికి పోలిక కనిపించినా, రెండింటి పుట్టుక వేరు. మనది బృహస్పతి గమనానికి చెందినది. వారిది రెండు దినసంఖ్యల కలయిక.

వరుసగా రెండు కట్టలు, అనగా 104 సంవత్సరాలు, గడిస్తే దానిని ఒక వృద్ధాప్యం అనేవారు. శుక్రగ్రహం సూర్యునితో పోల్చితే తిరిగి అదే స్థానానికి రావడానికి సుమారు 584 రోజులు పడుతుంది. అటువంటి 65 ఆవృత్తాలు 37,960 రోజులు, సరిగా 104 సంవత్సరాలు. అప్పుడు రెండు పంచాంగాలతో పాటు శుక్రుడు కూడా కలుస్తాడు.

సూర్యుని శక్తి

52 సంవత్సరాలు నిండితే లోకం అంతం కావచ్చునని ఎందుకు భయపడ్డారో తెలియాలంటే వారి సృష్టికథను చూడాలి. ఇప్పుడున్నది అయిదవ సూర్యుడని, అంతకుముందు నలుగురు సూర్యులు నశించారని వారు చెప్పుకొనేవారు. మొదటి యుగం పులుల వలన, రెండవది పెనుగాలి వలన, మూడవది అగ్నివర్షం వలన, నాలుగవది జలప్రళయం వలన అంతమైనవి. సూర్యుల గాథ అని పేరొందిన నావాట్ల్ గ్రంథం ఈ యుగాల కాలాన్ని 676, 364, 312, 676 సంవత్సరాలుగా చెబుతుంది. ఈ సంఖ్యలన్నీ 52తో నిశ్శేషంగా భాగించబడతాయి. ఏ యుగమూ కట్ట మధ్యలో ముగియలేదన్నమాట. కాబట్టి ప్రతి కట్ట చివరా ఒక ప్రమాద ఘడియ. ప్రస్తుత యుగం పేరు 4 చలనం. ఇది భూకంపాలతో ముగుస్తుందని వారి నమ్మకం. 1790లో మెక్సికో నగరంలో బయటపడిన సుప్రసిద్ధ సూర్యశిల మధ్యలో చెక్కినది ఈ 4 చలనం చిహ్నమే. దాని నాలుగు మూలలలో గత యుగాల పేర్లున్నాయి.

అయిదవ సూర్యుడు కూడా తనంతట తాను వెలగలేదు. టెయొతివాకాన్‌లో దేవతలు సమావేశమై మంట వెలిగించారు. సంపన్నుడైన దేవుడు అందులో దూకడానికి వెనుకాడగా, ఒంటినిండా పుండ్లతో ఉన్న నానావాత్సిన్ ముందుగా దూకి సూర్యుడైనాడు. అయినా సూర్యుడు కదలలేదు. మిగిలిన దేవతలు కూడా తమ ప్రాణాలను అర్పించిన తరువాతనే ఆకాశంలో నడక మొదలైనది. సూర్యగమనం ఒకరి ప్రాణశక్తిని ఖర్చు చేసి కొన్నదని, ఆ అప్పును మనుషులు తీరుస్తూ ఉండాలని ఈ కథ సారాంశం.

ఈ శక్తికి వారి పేరు టొనాల్లి. వేడి, ఎండ, రోజు, ఒక మనిషి పుట్టిన రోజుతో వచ్చే ప్రాణబలం, వీటన్నింటికీ ఇదే మాట. మెక్సికో చరిత్రకారుడు అల్ఫ్రెడో లోపెస్ ఆస్టిన్ విశ్లేషణ ప్రకారం టొనాల్లి తలలో, తెయోలియా అనే మరొక శక్తి గుండెలో, ఇహియోట్ల్ అనేది కాలేయంలో నివసిస్తాయని వారు భావించారు. బలిలో గుండెను తీయడానికి, రొమ్ము మీద నిప్పు పుట్టించడానికి కారణం ఇక్కడ దొరుకుతుంది. నానావాత్సిన్ చేసిన పనినే ఆ రాత్రి ఒక మనిషి చేత చేయించేవారు.

స్థలం, సమయం

క్రతువు జరిగిన కొండ పేరు విషాచ్తెకాట్ల్. ఇప్పుడు దీనిని నక్షత్రపు కొండ అనే అర్థం వచ్చే స్పానిష్ పేరుతో, సెర్రో దె లా ఎస్త్రెయా అని పిలుస్తున్నారు. మెక్సికో నగరంలోని ఇస్తపలాపా ప్రాంతంలో ఉన్నది. పాత పేరు విషాచిన్ అనే ముళ్లచెట్టు నుండి వచ్చినది. ఈ పేరుతో పిలిచే చెట్లలో ఒకటి తెలుగునాట కూడా పెరిగే కస్తూరి తుమ్మ. దాని పుట్టిల్లు అమెరికా ఖండమే.

టెనొచ్టిట్లాన్ ఒక సరస్సు మధ్య ద్వీపం మీద కట్టిన నగరం. కొండ దానికి దక్షిణంగా సుమారు 10 కిలోమీటర్ల దూరంలో, సరస్సు తీరానికి దగ్గరగా ఉండేది. చుట్టూ నీరు, పల్లం. మధ్యన ఈ కొండ. శిఖరం మీద మంట లేస్తే లోయలోని ఊళ్లన్నింటికీ కనిపించేది. ఇంతకంటే తగిన స్థలం ఆ లోయలో లేదనే చెప్పవచ్చును.

ముహూర్తాన్ని కృత్తికలు నిర్ణయించేవి. అజ్టెక్‌లు వీటిని తియాంకిస్ట్లి, అంటే సంత, అనేవారు. తెలుగు పల్లెలలో ఇదే నక్షత్ర సమూహాన్ని పిల్లలకోడి అంటారు. సంవత్సరంలో ఒక కాలంలో కృత్తికలు సరిగా అర్ధరాత్రి వేళ నడినెత్తికి వస్తాయి. ఆ రోజులు నవంబరులో వస్తాయి. కార్తీక పౌర్ణమి నాటి చంద్రుడు కృత్తికల వద్ద ఉండి నడిరేయి నెత్తిమీదికి వచ్చేది కూడా ఈ ఋతువులోనే. మెక్సికో లోయ అక్షాంశం సుమారు 19 డిగ్రీలు కావడం వలన అక్కడ అవి దాదాపు సరిగా తలపైకి వస్తాయి. పురోహితులు కొండపై నిలిచి చూసేవారు. కృత్తికలు నడిమింటికి చేరి, ఆగిపోకుండా పడమటికి జరిగితే ఆకాశం ఇంకా కదులుతున్నదని, మరొక 52 సంవత్సరాలు దొరికాయని అర్థం.

క్రతువు జరిగిన విధం

ఈ వివరాలలో అధిక భాగం ఫ్రాన్సిస్కన్ సన్యాసి బెర్నార్డినో దె సహగున్ సంకలనం చేసిన గ్రంథం ఏడవ భాగంలో ఉన్నాయి.

గడువు దగ్గరపడగానే ప్రజలు ఇళ్లను ఊడ్చి శుభ్రం చేసేవారు. ఇంటి దేవతల బొమ్మలను, పొయ్యిలోని మూడు రాళ్లను, రుబ్బుడు రాళ్లను నీటిలో పారవేసేవారు. ఆ రాత్రికి ఎక్కడా నిప్పు మిగలరాదు. వంట లేదు, దీపం లేదు.

అందరికంటే ఎక్కువగా భయపడవలసినది గర్భిణుల గురించి. నిప్పు పుట్టకపోతే వారు క్రూరమృగాలుగా మారి మనుషులను తింటారని నమ్మి, వారి ముఖాలకు కలబందను పోలిన మాగేయ్ మట్టలతో చేసిన ముసుగులు తొడిగి ధాన్యపు గాదెలలో ఉంచేవారు. పిల్లలకు కూడా ముసుగులు వేసేవారు. నిద్రపోయిన పిల్లలు ఎలుకలైపోతారని, తల్లిదండ్రులు వారిని తట్టుతూ, కదుపుతూ తెల్లవార్లూ మేలుకొలిపి ఉంచేవారు. మిగిలినవారు మిద్దెల పైకి ఎక్కేవారు. నేలమీద ఎవరూ నిలిచేవారు కాదు. నిప్పు రాజుకోకుంటే త్సిత్సిమిమే అనే భూతాలు ఆకాశం నుండి దిగి మనుషులను తినివేస్తాయని, రాత్రి ఇక ముగియదని చెప్పుకొనేవారు. ప్రపంచాంతం గురించిన ఊహలలో ఇంత గృహసంబంధమైనది అరుదు: భయం గాదెలోను, ఊయలలోను, పొయ్యి దగ్గర కూర్చున్నది.

సూర్యాస్తమయ సమయంలో పురోహితులు ఒక్కొక్క దేవత వేషం ధరించి నగరం నుండి బయలుదేరేవారు. నెమ్మదిగా, గంభీరంగా సాగే ఈ నడకకు దేవతల నడక అని పేరు. నగరంలోని కొపోల్కో పేటకు చెందిన అగ్నిపురోహితుడు నిప్పు పుట్టించే పుల్లలను చేతబట్టుకొని, దారి పొడవునా వాటిని తిప్పుతూ సాధన చేస్తూ నడిచేవాడు. యజ్ఞాలలో అరణి మథనం గురించి తెలిసినవారికి ఈ పరికరం సులభంగా బోధపడుతుంది: అడుగున గుంట గల మెత్తని చెక్క, పైన అరచేతుల మధ్య తిప్పే నిలువు పుల్ల. ఈ రెండు సంప్రదాయాల మధ్య చారిత్రక సంబంధమేమీ లేదు. రాపిడి వలన నిప్పు పుట్టే ధర్మం ఒక్కటే ఉమ్మడి. ఈ పరికరానికి మమల్వాస్ట్లి అని పేరు. ఆకాశంలోని ఒక నక్షత్ర సమూహాన్ని కూడా అదే పేరుతో పిలిచేవారు. మగవారు తమ మణికట్టు మీద దాని గుర్తుగా వాతలు పెట్టుకొనేవారు. వాత లేకుండా చనిపోయినవాడి మణికట్టు మీద మృతుల లోకంలో నిప్పు మథిస్తారని నమ్మకం.

కృత్తికలు నడిమిన్ను దాటగానే, రాతి మీద పరుండబెట్టిన బందీ రొమ్ముపై చెక్కను ఉంచి అగ్నిపురోహితుడు మథనం మొదలుపెట్టేవాడు. నిప్పు రాజుకోగానే బందీ రొమ్మును చీల్చి గుండెను తీసి ఆ నిప్పులో వేసేవారు. దానితో పెద్ద మంట వేసేవారు. బందీ శరీరం ఆ మంటలోనే దహనమయ్యేది.

దూరం నుండి మంటను చూసిన జనం తమ చెవులను కోసుకొని ఆ నెత్తురును మంట దిశగా చిలకరించేవారు. ఊయలలోని పసిబిడ్డల చెవులను కూడా కోసేవారు. ఆ రాత్రి బతికి బయటపడిన ప్రతివారూ, వయసుతో నిమిత్తం లేకుండా, కొంత చెల్లించవలసిందే.

తరువాత పరుగుల ఘట్టం. ఆయా ఊళ్ల నుండి వచ్చిన వేగంగా పరుగెత్తగలవారు దేవదారు జాతి చెక్కల దివిటీలు వెలిగించుకొని బయలుదేరేవారు. మొదటి నిప్పు టెనొచ్టిట్లాన్ మహాలయంలోని విట్సిలోపోచ్ట్లి సన్నిధికి చేరేది. అక్కడి నుండి పురోహితుల నివాసాలకు, తరువాత పేటలకు, చివరకు ఇళ్లకు పంచేవారు. జనం మంట మీదికి ఎగబడి ఒళ్లు బొబ్బలెక్కించుకొనేవారని సహగున్‌కు చెప్పినవారు గుర్తు చేసుకొన్నారు. తెల్లవారేసరికి లోయంతా మళ్లీ దీపాలతో వెలిగేది.

ఆ ఉదయం ప్రతి ఇంటా కొత్త చాపలు, కొత్త పొయ్యిరాళ్లు, కొత్త బట్టలు. ధూపం వేసి, కౌజు పిట్టల తలలు తుంచి నైవేద్యం పెట్టేవారు. తోటకూర జాతి గింజల పిండిని తేనెతో కలిపి చేసిన తినుబండారం తినేవారు. మధ్యాహ్నం వరకు మంచినీరైనా ముట్టరాదు. ఆ సంవత్సరం పుట్టిన పిల్లలకు సంవత్సరం అనే మాట కలిసి వచ్చే పేర్లు పెట్టేవారు.

1507 నాటి బందీ

చివరి క్రతువులో బలి అయిన వ్యక్తి పేరు గ్రంథస్థమైనది. అతడు వెషోత్సింకో రాజ్యానికి చెందిన వీరుడు షియుట్లమిన్. సంవత్సరం అనే మాట పేరులో ఉన్న బందీ కోసం మోక్టెజుమా వెతికించినట్లు సహగున్ గ్రంథం చెబుతుంది. అతడిని పట్టినది ట్లాటెలోల్కో నగరవాసి ఇట్స్క్విన్. ఆ తరువాత అతడిని షియుట్లమిన్‌ను పట్టినవాడు అనే అర్థం గల బిరుదుతో పిలిచారు. సహగున్‌కు సమాచారం ఇచ్చినవారిలో ట్లాటెలోల్కో పెద్దలు ముఖ్యులు. తమ ఊరివాడి ఘనతగా దానిని వారు జ్ఞాపకం ఉంచుకొన్నారని ఊహించవచ్చును. ఈ విధంగా గెలిచినవాడి కీర్తి వెంట ఓడినవాడి పేరు కూడా నిలిచినది. నిప్పు పుట్టించిన పురోహితుడి పేరు మాత్రం ఆ వర్ణనలో లేదు.

కరువు, రాజ్యాధికారం

చక్రంలో మొదటి సంవత్సరం 1 కుందేలు కాగా, క్రతువు మాత్రం 2 రెల్లు సంవత్సరంలో జరిగేది. దీనికి టెల్లెరియానో రెమెన్సిస్ అనే చిత్రగ్రంథం ఒక కారణం చెబుతుంది: 1 కుందేలు సంవత్సరాలలో కరువు వచ్చేది కనుక మోక్టెజుమా క్రతువును మరుసటి ఏటికి జరిపాడు. 1454 నాటి 1 కుందేలు సంవత్సరంలో వచ్చిన కరువు ఘోరమైనది. తిండి కోసం ప్రజలు తమను, తమ పిల్లలను తూర్పు తీరంలోని టొటోనాక్ వారికి అమ్ముకొన్నారు. కరువు బారిన పడడానికి ఆ సంవత్సరం పేరు మీదనే ఒక క్రియాపదం పుట్టినది. అయితే మెండోసా చిత్రగ్రంథం మొదటి పుటలో 1351కి సరిపోయే 2 రెల్లు గడిలోనే అగ్నిమథన చిహ్నం ఉన్నది. దీనిని బట్టి 2 రెల్లు ఆచారం మోక్టెజుమా కంటే పాతదని కొందరు, పాత చరిత్రను తరువాత సరిదిద్ది వ్రాశారని కొందరు వాదిస్తారు. ప్రళయానంతరం తెస్కట్లిపోకా దేవుడు 2 రెల్లు సంవత్సరంలోనే తొలి నిప్పు మథించాడని మరొక గాథ ఉన్నది.

చరిత్రకారుడు రాస్ హాసిగ్ 2001లో ప్రచురించిన గ్రంథంలో అజ్టెక్ పాలకులు కాలాన్ని రాజకీయ సాధనంగా వాడుకొన్నారని వాదించాడు. ఆలోచిస్తే నిప్పు పంపిణీలోనే ఈ సంగతి కనబడుతుంది. సామంత రాజ్యాలవారు తమ పొయ్యి తాము వెలిగించుకొనడానికి వీలులేదు. మెషికా ఆలయం గుండా వచ్చిన నిప్పు కోసం ఎదురు చూడాలి. మరునాటి వంటకు కూడా రాజధానికి ఋణపడిన స్థితి అది.

అయితే క్రతువు అజ్టెక్‌ల సృష్టి కాదు. క్రిస్టీనా ఎల్సన్, మైఖేల్ స్మిత్ 2001లో ప్రచురించిన పరిశోధనలో, చికొనౌట్లా, నొనొవాల్కో, క్వెష్కొమాతె అనే చోట్ల దొరికిన పాత్రల కుప్పలను పరిశీలించారు. ఇంటి సామానంతా ఒకేసారి పారవేసినట్లున్న ఆ కుప్పలు ఈ క్రతువు జాడలని, పూర్వం నుండి సామాన్యుల ఇళ్లలో ఉన్న ఆచారాన్ని తరువాత సామ్రాజ్యం తనదిగా చేసుకొన్నదని వారి అభిప్రాయం. గ్రంథాలు కొండపై జరిగినదానిని ఎక్కువగా వర్ణిస్తే, పెంటకుప్పలు ఇళ్లలో జరిగినదానికి సాక్ష్యమిస్తున్నాయి. రెండింటిని కలిపి చదవడమే సరియైన పద్ధతి.

ఆధారాల స్వభావం

ఈ క్రతువును ఐరోపావారు ఎవరూ కళ్లారా చూడలేదు. కోర్టెస్ సేన ఇస్తపలాపా వంతెన దారిన టెనొచ్టిట్లాన్ చేరినది 1519 నవంబరు 8న, అంటే చివరి క్రతువు జరిగిన పన్నెండేళ్ల తరువాత. సహగున్ 1529లో మెక్సికో చేరి, 1558 తరువాత స్థానిక వృద్ధులను ప్రశ్నించి వివరాలు సేకరించాడు. 1507లో ముసుగు వేసుకొని మేలుకొన్న పిల్లలు అప్పటికి అరవై దాటిన వృద్ధులు. తరువాతి కట్ట ముడి పడవలసిన కాలంలోనే వారు ఈ సంగతులను పరాయి మతస్థుడికి చెప్పారని గమనించాలి. సహగున్ ఉద్దేశం విగ్రహారాధనను గుర్తించి నిర్మూలించడమే అయినా, నావాట్ల్ భాషలోనే వారి మాటలను వ్రాయించినందున ఆ గ్రంథం విలువ తగ్గలేదు. దాని ప్రతి ఇటలీలోని ఫ్లోరెన్స్ నగరంలో ఉన్నది.

స్థానిక చిత్రకారుల దృష్టి పారిస్‌లో ఉన్న బోర్బోనికస్ చిత్రగ్రంథం 34వ పుటలో లభిస్తుంది. కొండపై అగ్నిమథన పరికరం, అటు వైపు నడుస్తున్న అడుగుల గుర్తులు, మంటలో కట్టెల మోపులు వేస్తున్న నలుగురు పురోహితులు, గాదెలో ఉన్న గర్భిణి, ముసుగులు ధరించిన జనం ఒకే పుటలో కనిపిస్తారు. సహగున్ వ్రాతకు ఇది చక్కని సాక్ష్యం.

2012 ప్రపంచాంతం గురించి వచ్చిన ప్రచారంతో ఈ క్రతువును కలపరాదు. అది మాయా ప్రజల దీర్ఘగణనకు సంబంధించినది. దాని కాలం 5 వేల సంవత్సరాలకు పైబడినది.

తరువాతి కాలం

1559లో స్పెయిన్ పాలన క్రింద ఈ క్రతువు బహిరంగంగా జరిగే వీలు లేకపోయినది. 1507 నుండి 52 సంవత్సరాల చొప్పున లెక్కిస్తూ పోతే 1975, 2027 కూడా 2 రెల్లు సంవత్సరాలవుతాయి. అయితే అజ్టెక్‌లు సౌరసంవత్సరంలోని పావు రోజును ఏ విధంగా సరిచేసుకొనేవారో, అసలు సరిచేసుకొనేవారో లేదో పండితులలో ఏకాభిప్రాయం లేదు. అందువలన నెల, తేదీలతో సహా ఈ లెక్కను నేటికి తీసుకురావడం కష్టం.

కొండ చుట్టూ ఇప్పుడు మెక్సికో నగరంలో జనసాంద్రత అధికంగా ఉన్న పేటలున్నాయి. సరస్సు చాలావరకు ఎండిపోయినది. శిఖరం మీద పాత ఆలయపు రాతి వేదిక మిగిలి ఉన్నది. 1938లో ఆ ప్రాంతాన్ని జాతీయ ఉద్యానవనంగా ప్రకటించారు. 1833 నాటి కలరా తరువాత, 1843 నుండి, ఇస్తపలాపా వాసులు ఈస్టరు ముందటి వారంలో ఏసుక్రీస్తు శిలువ ఘట్టాన్ని ప్రదర్శిస్తున్నారు. శిలువను మోసుకొంటూ వేలాది మంది ఎక్కేది కూడా ఈ కొండే.